చంద్రమతి వేషంతో ఏలూరు నుంచి వెండితెరకు: పసుపులేటి కన్నాంబ

‘లవకుశ’ సినిమా టీవీలో వచ్చినప్పుడల్లా మన ఊళ్లలో ఇంటిల్లిపాదీ కూర్చుని చూస్తారు. ఎన్టీఆర్ రాముడిగా, అంజలీదేవి సీతగా నటించిన ఆ చిత్రంలో కౌసల్యాదేవిగా కనిపించే పెద్దావిడను ఇప్పటి పిల్లలు పోల్చుకోలేరు. ఆమె పసుపులేటి కన్నాంబ. ఒకప్పుడు ఆడపిల్లలు చెవులకు పెట్టుకునే వేలాడే లోలాకులకు ఆమె పేరే ఉండేది. తిరునాళ్లలో గాజుల దుకాణానికి వెళ్లి ‘కన్నాంబ లోలాకులు’ అని అడిగి కొనుక్కున్న తరం అది.

కన్నాంబ 1911లో కడపలో పుట్టినా, పెరిగింది మన ఏలూరులోనే. ఇక్కడ తాతగారింట పెరుగుతూ చిన్నతనంలోనే సంగీతం నేర్చుకున్నారు. ఆ రోజుల్లో నాటకమంటే జనానికి ప్రాణం. పద్యం బాగుంటే ‘వన్స్ మోర్’ అని మళ్లీ పాడించుకునేవారు, బాగోకపోతే గోల చేసి దించేసేవారు. ఆడవేషాలు చాలావరకు మగవాళ్లే వేసేవారు. గౌరవమైన ఇళ్ల ఆడపిల్లలు స్టేజీ ఎక్కడాన్ని లోకం హర్షించేది కాదు.

అలాంటి కాలంలో ఏలూరులో జరిగిన ఒక సంగతిని ఆమె జీవితం గురించి రాసినవారు తప్పకుండా చెబుతారు. ఊళ్లో ‘హరిశ్చంద్ర’ నాటకం ఆడుతున్నారు. చంద్రమతి వేషం కట్టిన మగనటుడు కొడుకు శవం మీద పడి ఏడ్చే ఘట్టాన్ని సరిగా పాడలేకపోవడంతో జనం గోల మొదలుపెట్టారు. ప్రేక్షకుల్లో కూర్చున్న కన్నాంబ అప్పటికి ఇంకా చిన్నపిల్ల. ఉండబట్టలేక లేచి వేదిక ఎక్కి ఆ ఘట్టం తానే పాడేసింది. గోల చేసిన జనమే కళ్లు తుడుచుకున్నారట. కథకు కాస్త రంగు పూసి ఉంటారని అనుకున్నా, ఆ తర్వాత ఆమె నాటక సమాజంలో చేరి చంద్రమతిగా పేరు తెచ్చుకున్నది మాత్రం నిజం. కాటి సీను ఎంత కష్టమో, అందులో తడబడితే జనం ఊరుకోరన్న సంగతి ఎంత నిజమో పల్లెల్లో నాటకాలు వేసినవారికి వేరే చెప్పనక్కరలేదు.

నాటకాల్లో ఉండగానే కడారు నాగభూషణం గారితో ఆమెకు వివాహమైంది. దంపతులిద్దరూ రాజరాజేశ్వరి పేరిట నాట్యమండలి పెట్టి ఊరూరా తిరిగి నాటకాలు ఆడారు. నాటక సమాజం నడపడమంటే మాటలు కాదు. తెరలు, నగలు, హార్మోనియం బండికెక్కించాలి. పాతికమందికి అన్నం పెట్టాలి. ఆడినా ఆడకపోయినా, వాన వచ్చి టిక్కెట్లు తెగకపోయినా జీతాలు ఇవ్వాలి. ఈ పాఠమే తర్వాత మద్రాసులో ఆమెకు పనికొచ్చింది.

1935లో పి. పుల్లయ్య గారు కొల్హాపూరులో తీసిన ‘హరిశ్చంద్ర’తో ఆమె తెరమీదికొచ్చారు. అద్దంకి శ్రీరామమూర్తి హరిశ్చంద్రుడు, కన్నాంబ చంద్రమతి. స్టేజీ మీద తెచ్చుకున్న పేరు ఆమెకు తెరమీద కూడా అక్కరకొచ్చింది. మరుసటి సంవత్సరం 1936లో ఒక విచిత్రమైన పోటీ జరిగింది. ద్రౌపది కథ మీదే రెండు సినిమాలు ఒక్కసారిగా తయారయ్యాయి. ఒకదానిలో మహానటుడు బళ్లారి రాఘవ దుర్యోధనుడు, సురభి కమలాబాయి ద్రౌపది. ‘ద్రౌపదీ వస్త్రాపహరణం’ అనే రెండోదానిలో యడవల్లి సూర్యనారాయణ దుర్యోధనుడు, సి.ఎస్.ఆర్. కృష్ణుడు, మన కన్నాంబ ద్రౌపది. రాఘవ అంతటివాడున్నా జనం రెండో చిత్రానికే ఓటు వేశారు.

1938లో హెచ్.ఎం. రెడ్డి తీసిన ‘గృహలక్ష్మి’లో కాంచనమాలతో పోటీపడి నటించారు. చిత్తూరు నాగయ్య గారికి అది మొదటి సినిమా. 1940లో వచ్చిన ‘చండిక’లో కత్తి పట్టి, గుర్రమెక్కారు. అంతవరకు ఏడిపించే నటిగా పేరుపడిన మనిషి ఒక్కసారిగా రౌద్రం చూపేసరికి జనం ఆశ్చర్యపోయారు. 1947లో ‘పల్నాటి యుద్ధం’లో నాయకురాలు నాగమ్మ ఆమే. గోవిందరాజుల సుబ్బారావు బ్రహ్మనాయుడు. ఇద్దరూ ఎదురెదురుగా నిలిచిన ఆ చిత్రం చూశాక నాగమ్మ అంటే కన్నాంబ రూపమే మనసులో ఉండిపోయినవారు ఎందరో.

తమిళులు కూడా ఆమెను తమ మనిషిగానే చేసుకున్నారు. తెలుగు మాతృభాష అయిన ఆమె 1942లో ‘కణ్ణగి’ తమిళ చిత్రంలో పి.యు. చిన్నప్ప సరసన నటించారు. కణ్ణగి తమిళులకు దేవతలాంటిది. ఆ పాత్రలో పరాయి భాష మనిషిని ఒప్పుకోవడం చిన్న సంగతి కాదు. ఆ భాషలో పెద్ద పెద్ద సంభాషణలు తడబాటు లేకుండా చెప్పి మెప్పించారు. మళ్లీ 1954లో ఎల్.వి. ప్రసాద్ దర్శకత్వంలో వచ్చిన ‘మనోహర’లో శివాజీ గణేశన్‌కు తల్లిగా నటించారు. అన్నాళ్లూ ఓర్చుకోమని కొడుకు చేతులు కట్టిన తల్లి, చివరికి సంకెళ్లతో నిలిచిన ఆ కొడుకును తిరగబడమని ఆజ్ఞాపించే ఘట్టం ఆ సినిమాకే ఆయువుపట్టు.

అయితే నటిగా ఎంత పేరున్నా, ఆమె జీవితంలో సగం కష్టం సొంత కంపెనీకే పోయింది. నాట్యమండలి పేరుతోనే దంపతులు శ్రీ రాజరాజేశ్వరీ ఫిలిమ్స్ పెట్టి 1941లో ‘తల్లిప్రేమ’, ఆ మరుసటి ఏడు ‘సుమతి’ తీశారు. తర్వాత తెలుగులోనూ తమిళంలోనూ వరుసగా చిత్రాలు తీశారు. చాలావాటికి నాగభూషణం గారే దర్శకులు. కంపెనీలో పనిచేసేవారికి ఒకటో తేదీ రాగానే జీతం చేతిలో పడేదని సినీరంగంలో చెప్పుకునేవారు. జీతం కోసం నెలల తరబడి తిరిగే అలవాటున్న ఆ రంగంలో ఇది గొప్ప మాటే.

సొంత కంపెనీ కదా, మంచి వేషాలన్నీ తానే వేసుకోవచ్చు. ఎందరో అలాగే చేశారు కూడా. కన్నాంబ మాత్రం వయసు తెలిసి నడుచుకున్నారు. 1951లో వచ్చిన ‘సౌదామిని’లో అక్కినేని, ఎస్. వరలక్ష్మి వంటివారికి చోటిచ్చారు. 1962లో ‘దక్షయజ్ఞం’ తీసినప్పుడు శివుడిగా ఎన్టీఆర్‌ను, దక్షుడిగా ఎస్.వి. రంగారావును, సతీదేవిగా దేవికను పెట్టుకుని తాను పెద్దరికపు వేషంతో సరిపెట్టుకున్నారు. అంతకుముందే 1957లో బయటి సంస్థ తీసిన ‘తోడికోడళ్లు’లో రంగారావు భార్యగా, ఇంటికి పెద్దదిక్కుగా నటించారు. గయ్యాళి సూర్యకాంతం, నెమ్మదస్తురాలు సావిత్రి నడుమ ఆ పెద్దకోడలు గొంతు పెంచకుండానే ఇల్లు నిలబెడుతుంది. చంద్రమతి ఏడుపుకన్నా, చండిక కత్తికన్నా ఈ వేషమే గొప్పదని ఈ వ్యాసకర్తకు అనిపిస్తుంది.

1963లో ‘లవకుశ’ విడుదలైంది. మరుసటి ఏడు 1964 మే 7వ తేదీన కన్నాంబ మద్రాసులో కన్నుమూశారు. ఆమె లేకుండా రాజరాజేశ్వరీ సంస్థ నిలదొక్కుకోలేకపోయింది. ఎందరికో ఒకటో తేదీన జీతాలిచ్చిన నాగభూషణం గారు ఆఖరి రోజుల్లో ఇబ్బందులు పడ్డారని చెబుతారు. ఆ కంపెనీ తలుపులు మళ్లీ తెరుచుకోలేదు.