పాదరక్షా యంత్రశిల్పి యాన్ మాట్జెలిగర్ చరిత్రము

 

ఇట్టి మహాసభా సంచికలలో మహనీయుల చరిత్రములు ప్రకటించుట పరిపాటి. ఆ మహనీయులు తరచుగా రాజులో, కవులో, మతాచార్యులో యై యుందురు. ఈ మారు మేము ఒక జోళ్ల కర్మాగారపు పనివాని చరిత్రమును వ్రాయబూనితిమి. మన కులవృత్తి తోలుపని. మన పోషకులలో పలువురు తోళ్లను, జోళ్లను టోకున కొని యమ్ము వర్తకులు. కావున ఈ చరిత్రము పనివారికిని వర్తకులకును సమానముగ నుపకరించునని మా నమ్మకము.

వర్తకుడు డజను జతల మగవారి బూట్లను తెప్పించి పెట్టె విప్పినప్పుడు అన్నియు నొక్క తీరుననే మెరయుచుండును. ఆరు నెలలు తొడిగిన పిమ్మట కొన్ని జతలు మొదటి రూపమునే నిలుపుకొనును; కొన్ని ముందు వైపున కుంగి, ప్రక్కలకు వ్రాలి, చూచుటకే యసహ్యమగును. ఈ భేదమునకు ముఖ్యకారణములు రెండు: తోలు గుణ మొకటి, ఆ తోలును అచ్చుపై బిగించిన పని రెండవది. ఈ రెండవ పనిని యంత్రమునకు నేర్పినవాడే మన కథానాయకుడు.

జననము - బాల్యము

యాన్ ఎర్నెస్ట్ మాట్జెలిగర్ 1852 వ సంవత్సరము సెప్టెంబరు 15 వ తేదీన దక్షిణ అమెరికా ఖండపు ఉత్తర తీరమున, నాడు డచ్చివారి యేలుబడిలో నుండిన సురినాము దేశమున, పారమారిబో పట్టణమునందు జన్మించెను. తండ్రి డచ్చి జాతీయుడగు ఇంజనీరు. తల్లి ఆఫ్రికా సంతతికి చెందిన నల్లజాతి స్త్రీ. ఆ దేశమున బానిసత్వము 1863 వ సంవత్సరము జూలై 1 వ తేదీన గాని రద్దు కాలేదు. కావున పదేండ్లు నిండువరకు ఆ బాలుడు, మనుష్యుడు మనుష్యునికి సొత్తుగా నుండిన దేశముననే పెరిగెను.

పదవ యేటనే యతడు యంత్రశాలలో పనికి కుదిరెను. ఇనుమును తరచుట, చక్రములను పొందించుట, చెడిన యంత్రమును విప్పి మరల కూర్చుట యతనికి ఆటలయ్యెను. పందొమ్మిదవ యేట ఓడ పనివాడై సముద్రముమీదికి పోయి, రెండేండ్లు తిరిగి, 1873 ప్రాంతమున అమెరికాలోని ఫిలడెల్ఫియా నగరమున దిగెను. అచట దొరికిన పనియెల్ల చేయుచు, జోళ్లు కుట్టుపని కొంత నేర్చెను. ఆ పనిలో ప్రసిద్ధి కెక్కిన ఊరు లిన్ అని విని, 1877 వ సంవత్సరమున నచటికి చేరెను.

లిన్ పట్టణము

లిన్ పట్టణము మాసచూసెట్సు రాష్ట్రమున బాస్టను నగరమునకు సమీపముననున్నది. అది జోళ్లకు పుట్టినిల్లు వంటిది. 1860 వ సంవత్సరమున అచటి జోళ్ల పనివారు కూలి పెంపునకై వేలకొలది పని మానుకొని వీధులలో నూరేగిన కథ ఆ దేశ చరిత్రమున ప్రసిద్ధము.

మాట్జెలిగర్ హార్నీ సోదరుల కర్మాగారమున పనికి కుదిరి, అడుగుతోలును కుట్టు మెకే యంత్రమును నడపుచుండెను. పగలెల్ల ఆ పని. రాత్రులు ఇంగ్లీషు భాషాభ్యాసము, యంత్రశాస్త్ర గ్రంథ పఠనము. ఆదివారము దైవప్రార్థనకు పోదలచిన నచటి దేవాలయములు కొన్ని యతని మేనిరంగు చూచి చేర్చుకొననొల్లవయ్యెను. తుదకు నార్త్ కాంగ్రిగేషనల్ చర్చి యను సంఘమువారు మాత్రము అతని నాదరించి తమలో చేర్చుకొనిరి. ఈ సంగతిని చదువరులు మనస్సున నుంచుకొందురు గాక. కథాంతమున దీనితో పని కలదు.

చేతిపనివారి కోట

నాటి జోళ్ల పరిశ్రమ స్థితిని కొంచెము వివరింపవలసియున్నది. పైతోలు ముక్కలను ఒండొంటితో కుట్టుటకు యంత్రములు అప్పటికే కలవు. అడుగుతోలును పైతోలుతో కుట్టు యంత్రమును లైమన్ బ్లేకు కనిపెట్టి 1858 వ సంవత్సరమున పేటెంటు పొందెను. దానినే మెకే యంత్రమందురు. ఈ రెండు పనులకు నడుమ నొక పని మాత్రము చేతులకే మిగిలియుండెను.

పాదాకారముగ చేసిన కర్ర అచ్చునకు లాస్టు అని పేరు. ఆ లాస్టునకు అడుగున లోపలి తోలును తగిలించి, పైతోలును దానిపై కప్పి, పట్టుకారుతో అంచుల నన్ని వైపుల సమముగ లాగి, వ్రేళ్లకొనయొద్దను మడమయొద్దను మిగులు తోలును సన్నని కుచ్చెళ్లుగ మడచి, చిన్న మేకులతో బిగించవలెను. ఒక వైపు ఎక్కువ లాగిన జోడు వంకరయగును. తక్కువ లాగిన ముడుతలు నిలుచును. మితిమీరిన తోలు చినుగును. తోలు ప్రతి ముక్కయు నొకే తీరున సాగదు. ఎంత సాగునో తెలిసికొనుట చేతికే గాని కంటికి సాధ్యము కాదు. అందుచే ఈ పని యంత్రమునకు ఎన్నటికి లొంగదని అందరును నమ్మియుండిరి.

నేర్పరియగు పనివాడు పదిగంటల పని దినమున 50 జతలు బిగించుచుండెను. కుట్టిన పైతోళ్లు గుట్టలుగ పడియుండి అతని చేతికొరకు వేచియుండెడివి. ఆ పనివారు సంఘముగ నేర్పడి మంచి కూలి పొందుచుండిరి. వారు చేయి దించిన కర్మాగార మంతయు నిలిచిపోవుచుండెను. టోకు వర్తకుల సరకు గడువునకు పోయి చేరుట వారి చేతిలోనిదే.

యంత్ర నిర్మాణము

మాట్జెలిగర్ ఆ పనివారి చేతుల కదలికలను నిత్యము పరికించుచుండెను. వ్రేళ్లు తోలును ఎచట పట్టుచున్నవి, ఎంత లాగుచున్నవి, ఎచట మడచుచున్నవి యని గమనించి, అద్దెకు దీసికొన్న గదిలో రాత్రులందు బొమ్మలు గీయుచుండెను. మొదటి నమూనాను చుట్టల పెట్టెల చెక్కలతోను, తీగెలతోను, పారవేసిన కర్రముక్కలతోను నిర్మించెను. దానిని చూచి యొకరు 50 డాలర్లిచ్చి కొందుమనిరట, అతడు నిరాకరించెను. పిదప పాత ఇనుప సామానులు సేకరించి రెండవ నమూనాను చేసెను. అందలి యొక భాగమునకే 1,500 డాలర్లు ఇత్తుమనిరట; దానికిని ఒప్పుకొనలేదు. ఆ దినములలో అతని భోజనవ్యయము దినమునకు ఐదు సెంట్లని చెప్పుదురు. తిండి తగ్గించి పని పెంచిన ఆ యేండ్లే పిమ్మట అతని యాయుర్దాయమును హరించినవని మా యూహ.

తుదకు ధనము లేనిదే పూర్తియంత్రము సాధ్యము కాదయ్యెను. డెల్నో, నికల్సు అను నిద్దరు పెట్టుబడి పెట్టిరి. అందులకు బదులుగ యంత్రముపై మూడింట రెండు వంతుల హక్కు వారిది. ఒక వంతు మాత్రమే నిర్మాతకు మిగిలెను.

పేటెంటునకై పంపిన పటములు అధికారులకు బోధపడలేదు. అట్టి యంత్రము పనిచేయునని నమ్మజాలక యొక యుద్యోగిని లిన్ పట్టణమునకు పంపిరి. అతడు కండ్లార చూచి పోయిన పిమ్మట 1883 వ సంవత్సరము మార్చి 20 వ తేదీన 274,207 సంఖ్యగల పేటెంటు లభించెను.

పరీక్ష - ఫలితము

1885 వ సంవత్సరము మే 29 వ తేదీన కర్మాగారమున బహిరంగ పరీక్ష జరిగెను. నాడా యంత్రము 75 జతల ఆడువారి జోళ్లను లోపము లేకుండ బిగించెను. తరువాత క్రమముగ బాగుపడిన యంత్రములు దినమునకు 150 మొదలు 700 జతలవరకు బిగింపగలిగినవి. లాస్టును పట్టి నిలుపుట, తోలును లాగుట, కుచ్చెళ్లు తీర్చుట, మేకు కొట్టుట, జోడును బయటికి వదలుట, యివి యన్నియు ఒక్క యంత్రమే చేసెను. మగవారి జోళ్లకును ఈ పద్ధతియే వ్యాపించెను. జోళ్ల వెల సుమారు సగమునకు దిగెననియు, సామాన్యులకు మంచి జోళ్లు అందుబాటులోనికి వచ్చెననియు చరిత్రకారులు వ్రాయుదురు.

టోకు వర్తకునకు దీనివలన కలిగిన లాభము వెల తగ్గుటతో ముగియలేదు. చేతిపనిలో నూరుజతలు పలువురి చేతులు మారిన జతజతకును కొంత భేదము తప్పదు. యంత్రపు పనిలో నమూనా యెట్లో సరకు నట్లే యుండును. నమూనా చూచి దూరముననుండి సరకు తెప్పించు వర్తకమునకు ఇదియే పునాది.

లాభముతో నష్టము కూడ వచ్చెనని చెప్పకుండుట న్యాయము కాదు. అచ్చుపై తోలు బిగించు చేతిపనివారి పలుకుబడి క్రమముగ సడలెను. వారిలో కొందరు ఆ యంత్రమునకు నల్లజాతిని కించపరచు నీచమైన మారుపేరు తగిలించిరి. నిర్మాత పేరు మరుగుపడి, ఆ తిట్టుపేరే చాలకాలము కర్మాగారములలో నిలిచెను.

నిర్యాణము

పెట్టుబడి మరింత కావలసివచ్చి పెద్ద వర్తకులు చేరిరి; కొత్త కంపెనీ యేర్పడెను. మాట్జెలిగర్ తన హక్కులను దానికిచ్చి వాటాలు పుచ్చుకొనెను. ఇంతలో 1886 వ సంవత్సరమున అతనికి క్షయరోగము సోకెను. మంచముపైనుండియు నమూనాలు దిద్దుచు, చిత్రపటములు వ్రాసికొనుచు కాలము గడపెను. 1889 వ సంవత్సరము ఆగస్టు 24 వ తేదీన లిన్ ఆసుపత్రిలో, ముప్పదియేడవ పుట్టినరోజునకు మూడు వారములుండగా, కాలధర్మము నొందెను. వివాహము లేదు, సంతానము లేదు.

తన వాటాలలో నొక భాగమును, ఇతరులు త్రోసివేసినప్పుడు తన్ను చేర్చుకొనిన ఆ ప్రార్థనా సంఘమునకే వ్రాసియిచ్చెను. పిమ్మట ఆ సంఘము అప్పులలో మునిగినప్పుడు ఆ వాటాలే దానిని గట్టెక్కించెను. అతని యంత్రముపై లేచిన వ్యాపారము 1899 వ సంవత్సరమున యునైటెడ్ షూ మెషినరీ యను మహాసంస్థలో కలిసెను. 1991 వ సంవత్సరమున అమెరికా ప్రభుత్వము అతని పేర తపాలా బిళ్లను విడుదల చేసెను. మరణించిన నూటరెండేండ్లకు దొరకిన గౌరవమది.

వర్తకులకు మనవి

ఈ చరిత్రమునుండి జోళ్లను టోకున కొను పోషకులు గ్రహింపదగిన సంగతులు కలవు. మెరుగు చూచి మోసపోరాదు, మెరుగు పైపూత. జతను సమతలముపై నుంచి చూడవలెను. మడమ వెనుక కుట్టు నిలువుగ నున్నదా, రెంటి ముందుపట్టీలు ఒక్కయెత్తున నున్నవా, వ్రేళ్లకొనయొద్ద ముడుతలు లేవా యని పరికించిన అచ్చుపై బిగించిన పని తెలియును. బొటనవ్రేలితో పైతోలు నొక్కిన సన్నని గీతలు పడి విడిచినంతనే పోవలెను. బొబ్బవలె వదులుగ లేచి ముడుతలు పడిన నది పొట్టభాగపు తోలు. తొడిగిన కొలది సాగును. లోపల చేయిపెట్టి తడవిన మేకుమొన తగులరాదు. అడుగు వెల్టు కుట్టుతో నున్నదో, జిగురుతో నంటించినదో అడుగవలెను; వెల్టు కుట్టినదైన నడుగు అరిగినప్పుడు మరల మార్చుకొనవచ్చును.

అన్నిటికంటె ముఖ్యమైన ప్రశ్న యొకటి: జోడు అచ్చుమీద ఎన్ని దినములుండెను? బిగించిన తోలు అచ్చుపై నిలిచి ఆరిననే రూపము స్థిరపడును. గడువు తరుముటచే తొందరగ అచ్చు తీసిన జోడు యెంత మంచి యంత్రము బిగించినను వదులగును. కావున వెలకు గీచి బేరమాడి గడువును కుదించు వర్తకుడు తన సరకును తానే చెరచుకొనును. ఒప్పుకొన్న నమూనా జతను ముద్రవేసి దాచుకొనవలెను. మొదట కొద్ది సరకు తెప్పించి, అందొక జతను కోసి లోపలి పని చూచి, పిదప పెద్ద కొనుగోలునకు దిగుట వివేకము.

పనివారికి మనవి

సోదరులారా! మన పెద్దలు తంగేడు చెక్కతో పదును చేసిన తోళ్లు పందొమ్మిదవ శతాబ్దమున చెన్నపట్టణపు రేవునుండి ఓడలకెక్కి లండనుకు పోయినవి. తోలు మన దేశపుది, పదును మనది. జోడుగ మారి పెరిగిన వెల మాత్రము పరులది. మాట్జెలిగర్ కథయు నట్టిదే. ఆలోచన అతనిది, ఆకలి అతనిది. మూడింట రెండు వంతులు పెట్టుబడిదారులవి.

అతనికొక సంఘము, ఒక నిధి, తోటి పనివారి చేయూత యుండినయెడల ఆ రెండు వంతులు పోగొట్టుకొనవలసిన యవసరము వచ్చెడిదా? అతనికి లేని యా చేయూతను మన పిల్లలకు కల్పించుటకే సంఘములు, మహాసభలు. చేతిపని యెరిగినవాడే యంత్రపు లోపము నెరుగును. చేతినేర్పు గల యింట పుట్టిన బాలుడు యంత్రశాస్త్రము చదివిన వానికి సాటి యెవరుందురు? పోషకులు అట్టి బాలురకు విద్యార్థివేతనములిచ్చి చదివింపవలెను. పనివారు తమ నేర్పును దాచక నేర్పవలెను. వర్తకులు మంచి పనికి తగిన వెలయు, తగిన గడువు నియ్యవలెను.

చుట్టల పెట్టెల చెక్కలతో మొదలైన ఆ పని, నేడు లోకమున మంచి జోడు తొడిగిన ప్రతివాని కాలిక్రిందను కలదు. పేరు మరుగుపడినను పని మరుగుపడలేదు. మన పనికిని, మన పేరునకును అట్టి యెడబాటు కలుగకుండుగాక యని ప్రార్థించుచు విరమించుచున్నాము.