చేరడానికి వెళ్లి గురువైన ద్వారం

ఈ రోజు నాదోపాసకుడు ద్వారం వెంకటస్వామి నాయుడు గారి గురించి తెలుసుకుందాం.

1893లో పుట్టి విశాఖపట్నంలో పెరిగారు. చూపు సరిగా లేక బడి చదువు సాగలేదు. అన్నయ్య దగ్గరే వయొలిన్ నేర్చుకున్నారు. 1919లో విద్యార్థిగా చేరదామని విజయనగరం సంగీత కళాశాలకి వెళ్తే, ప్రిన్సిపాల్ ఆదిభట్ల నారాయణదాసు గారు ఆయన వాయించింది విని ఏకంగా పాఠం చెప్పే ఉద్యోగం ఇచ్చేశారు! 1936లో అదే కాలేజీకి ప్రిన్సిపాల్ అయ్యారు.

అప్పట్లో కచేరీలో వయొలిన్ అంటే గాయకుడికి పక్కవాద్యమే. 1938లో వేలూరులో దాన్నే ప్రధానం చేసి సోలో కచేరీ ఇచ్చారు. 1941లో మద్రాస్ మ్యూజిక్ అకాడమీ సంగీత కళానిధి, 1957లో పద్మశ్రీ అందుకుని, 1964లో నాదంలో లీనమయ్యారు.

చూపు సహకరించకపోయినా సాధనే ఆయనకి దారి చూపింది. ఈ రాత్రి ఫోన్ స్క్రీన్ ఆపేసి, కళ్లు మూసుకుని ఆయన వయొలిన్ ఒక్కసారి వినండి.