అద్దాల పనివాడు ఫ్రౌన్‌హోఫర్

పెళ్ళిలో పురోహితుడు దంపతులకు అరుంధతిని చూపించడం మన ఇండ్లలో నేటికీ ఉన్నది. ముహూర్తం పట్టపగలైనా చూపిస్తారు, వరుడు చూసినానని తల ఊపుతాడు. అది వేరు సంగతి. రాత్రివేళ సప్తర్షి మండలంలో వసిష్ఠుని ప్రక్కన అరుంధతిని వేరుగా గుర్తించవచ్చును. ఆ రెండింటి నడుమ ఎడం సుమారు 12 కళలు. పంచాంగంలో గ్రహస్ఫుటాలకు వాడే భాగ, కళ, వికళలే ఈ కొలతకు కూడా. భాగకు 60 కళలు, కళకు 60 వికళలు. మామూలు కన్ను దాదాపు ఒక కళ ఎడం వరకు రెండింటిని రెండుగా చూడగలదు. అంతకు తగ్గితే రెండూ ఒకటే. రాత్రి లెవెల్ క్రాసింగు వద్ద నిలబడి చూస్తే, దూరాన వచ్చే లారీ దీపాలు మొదట ఒక్కటిగా కనిపించి దగ్గరపడిన కొద్దీ విడిపోవడం ఇందువల్లనే. వసిష్ఠుడు కూడా నిజానికి ఒక్క చుక్క కాదు. దూరదర్శినిలో 14 వికళల ఎడంతో రెండు చుక్కలుగా కనిపిస్తాడు.

ఇట్లు విడదీసి చూపే శక్తిని దూరదర్శినికి ఎంతో పెంచిన జోసెఫ్ ఫ్రౌన్‌హోఫర్ జీవితాన్ని ఈ ఉగాది సంచికలో మన సోదర సోదరీమణులకు మనవి చేయ సాహసిస్తున్నాము.

ఆయన 1787 మార్చి 6న జర్మనీలోని బవేరియా దేశంలో స్ట్రాబింగ్ అనే ఊరిలో పుట్టినాడు. తండ్రి కిటికీలకు అద్దాలు అమర్చే పనివాడు. పదకొండవ సంతానమైన ఈ బాలునికి పదకొండేళ్ళు నిండేసరికి తల్లీ తండ్రీ ఇద్దరూ పోయినారు. సంరక్షకులు అతనిని మ్యూనిక్‌లో ఒక అద్దాల వ్యాపారి వద్ద పనికి కుదిర్చినారు. ఆరేళ్ళు జీతం లేని చాకిరీ. యజమాని పుస్తకం పట్టనిచ్చేవాడు కాడు, ఆదివారపు బడికి పోనిచ్చేవాడు కాడు.

1801 జూలై 21న ఆ ఇల్లు కూలిపోయింది. యజమాని భార్య చనిపోయింది. శిథిలాల క్రింద చిక్కిన కుర్రవానిని కొన్ని గంటలు తవ్వి ప్రాణాలతో బయటికి తీసినారు. దేశపాలకుడు మాక్సిమిలియన్ జోసెఫ్ స్వయంగా అక్కడికి వచ్చి, అతనికి 18 డుకాట్లు, అనగా బంగారు నాణేలు, బహూకరించినాడు. ఉట్జ్‌ష్నైడర్ అనే పెద్దమనిషి పుస్తకాలు తెచ్చి ఇచ్చినాడు. పధ్నాలుగేళ్ళ కుర్రవాడు ఆ డబ్బుతో ఏమి కొన్నాడనుకొన్నారు? అద్దాలను సానపట్టే యంత్రం! మిగిలిన సొమ్ముతో యజమాని వద్ద ఉండవలసిన గడువును విడిపించుకొన్నాడు. మెట్రిక్‌తో చదువు ఆపిన మాకు ఈ ఘట్టం చదివినప్పుడల్లా మనస్సు ఒకలాగున అవుతుంది.

1806లో ఉట్జ్‌ష్నైడర్ భాగస్వామిగా ఉన్న పరికరాల కర్మాగారంలో చేరినాడు. గాజు పని బెనెడిక్ట్‌బోయర్న్‌లోని ఒక పాత మఠంలో జరిగేది. అక్కడ గినాన్ అనే స్విస్ పనివాడు, కరిగిన గాజును గంజి కలిపినట్లు మట్టికడ్డీతో కలియబెట్టి చారలు లేకుండా తీసే విద్య ఎరిగినవాడు. ఆ విద్య నేర్చి, ఫ్రౌన్‌హోఫర్ దానిని ఇంకా పైకి తెచ్చినాడు.

అయినా ఒక చిక్కు మిగిలింది. ఒంటి కటకం రంగులను విడగొడుతుంది. చుక్క చుట్టూ రంగుల అంచు వస్తుంది. రెండు జాతుల గాజును జతచేస్తే అది పోతుంది గాని, ఏ గాజు ఏ రంగును ఎంత వంచుతుందో కచ్చితంగా తెలియాలి. వర్ణపటంలో రంగులు ఒకదానిలో ఒకటి కలిసిపోతాయి, ఎక్కడ కొలవాలి? 1814లో ఆయన సూర్యకాంతిని పట్టకం గుండా పంపి చూడగా వర్ణపటంలో 500కు పైగా నల్లని గీతలు కనిపించినాయి. అంతకుముందు 1802లో ఇంగ్లండులో వోలాస్టన్ కొద్దిపాటి గీతలను చూసి వదలివేసినాడు. ఫ్రౌన్‌హోఫర్‌కు అవి రైలుబాట వెంట కిలోమీటరు రాళ్ళయినాయి. వాటి సాయంతో కటకాన్ని లెక్కకట్టి చేయడం సాధ్యమైనది.

ఇక గాజులో దోషం లేదనుకొందాము. అప్పుడైనా ఎంత దగ్గరి చుక్కలనైనా విడదీయవచ్చునా? వీలు లేదు. కాంతి ఒక ద్వారం గుండా పోవునప్పుడు అంచుల వద్ద కొద్దిగా విస్తరిస్తుంది. బిందువువంటి నక్షత్రం చిన్న బిళ్ళగా కనిపిస్తుంది. ద్వారం వెడల్పయిన కొద్దీ ఆ బిళ్ళ చిన్నదవుతుంది. 1821 నుండి సన్నని చీలికలు, చిన్న రంధ్రాలు, వరుసగా బిగించిన తీగల గుండా కాంతిని పంపి ఈ విస్తరణను ఆయన కొలిచినాడు. గుండ్రని ద్వారానికి పూర్తి గణితాన్ని 1835లో ఎయిరీ చెప్పినాడు. అంగడిలో మనం దూరదర్శిని ఎన్ని రెట్లు పెద్దదిగా చూపుతుందని అడుగుతాము. అడుగవలసినది కటకం వెడల్పు ఎంత అని.

ఇంత చేసినా, విశ్వవిద్యాలయం మెట్లు ఎక్కలేదన్న సాకుతో బవేరియా అకాడమీలో కొందరు పండితులు ఆయనకు పూర్తి సభ్యత్వం కూడదన్నారు. 1821లో వేరు తరగతి సభ్యునిగా చేర్చుకొని సరిపెట్టినారు. 1824లో మాత్రం రాజు ఆయనకు ప్రభువంశపు బిరుదు ఇచ్చినాడు. ఆ రాజు ఎవరో కాదు, శిథిలాల దగ్గర నిలబడిన మాక్సిమిలియన్ జోసెఫే.

అదే ఏట డోర్పాట్ నగరానికి, అనగా నేటి ఎస్టోనియాలోని టార్టూకు, ఆయన చేసిన గొప్ప దూరదర్శిని చేరింది. కటకం వెడల్పు సుమారు 24 సెంటీమీటర్లు. వాతావరణం నిలకడగా ఉంటే అర వికళ ఎడం ఉన్న జంటనైనా విడదీయగలదు. అది కంటి శక్తికి దాదాపు 120 రెట్లు. నక్షత్రం వెంట అది తనంతట కదలడానికి గడియారపు యంత్రం కూడా అమర్చినాడు. స్ట్రూవే దానితో సుమారు 1,20,000 నక్షత్రాలను పరీక్షించి 1827లో 3,112 జంటల పట్టిక ప్రకటించినాడు.

ఆ పట్టికను ఫ్రౌన్‌హోఫర్ చూడలేదు. 1826 జూన్ 7న క్షయవ్యాధితో పోయినాడు, వయస్సు 39. గాజు చేసే మర్మం కర్మాగారపు వ్యాపార రహస్యం కావడంతో ఇతర దేశాలకు అది దక్కలేదు. ఇంగ్లండులో ఫారడే అంతటివాడు మంచి గాజు కోసం కొన్నేళ్ళు శ్రమించి విరమించుకొన్నాడు. ఫ్రౌన్‌హోఫర్ కర్మాగారంలోనే తయారై 1829లో కోనిగ్స్‌బర్గ్ చేరిన మరొక పరికరంతో బెస్సెల్ 1838లో హంసరాశిలోని 61వ నక్షత్రం దూరాన్ని లెక్కకట్టినాడు. డోర్పాట్ దూరదర్శిని టార్టూలోని పాత నక్షత్రశాలలో నేటికీ భద్రంగా ఉన్నది.