ఏడేళ్ల వెలుగు, ఆ తర్వాత నిశ్శబ్దం



సంఘస్థులు చదివే వారపత్రికలో సినిమా నటి గురించి సంపాదకీయమా అని కొందరు అడుగుతారు. అడగవలసిన ప్రశ్నే. సినిమాలను ప్రోత్సహించే అలవాటు ఈ పేజీకి లేదు. అయినా ఈ వారం కాంచనమాల గారి గురించి రాస్తున్నాం. కారణం ఇది.

కిందటి నెల మొగుళ్లపల్లి మండలంలో ఒక ఇంట గృహ కూడికకు వెళ్లాం. ప్రార్థన ముగిసి అందరం టీ తాగుతుండగా ఆ ఇంటి కుర్రాడు తన ఫోనులో ఒక పాత నలుపు తెలుపు బొమ్మ చూపించాడు. మాలపిల్ల అనే సినిమాలోది. తమ వాడ పేరు పెట్టి అంత పాతకాలంలోనే సినిమా తీశారా అని అతనికి ఆశ్చర్యం. బొమ్మలో ఉన్న పిల్ల ఎవరని అతని నాయనమ్మ అడిగింది. కుర్రాడికి తెలియదు. అక్కడ కూర్చున్నవారిలో ఒక్కరికీ తెలియదు. ఒకప్పుడు తెలుగువారి ఇళ్ల గోడల మీద క్యాలెండర్లలో వేలాడిన ముఖం అది.

కాంచనమాల 1917లో తెనాలిలోని ఐతానగర్‌లో పుట్టారు. పెద్దగా చదువుకున్నవారు కారు. మంచి రూపం ఉంది, పాడగలిగే గొంతు ఉంది. ఈ రెండోది ఆ రోజుల్లో చాలా ముఖ్యం. ఇప్పటిలాగా ఒకరు నటిస్తే మరొకరు పాడే పద్ధతి అప్పటికి రాలేదు. తెర మీద కనిపించేవారే పాడాలి. తెలుగులో మాటలు వచ్చిన మొదటి సినిమా, హెచ్.ఎం. రెడ్డి గారి భక్త ప్రహ్లాద, 1932లో విడుదలైంది. మూడేళ్లకు, 1935లో, శ్రీకృష్ణ తులాభారంలో మిత్రవింద అనే చిన్న పాత్రతో కాంచనమాల తెర మీదికి వచ్చారు. సినిమాలు అప్పుడు కలకత్తాలోనో బొంబాయిలోనో తీసేవారు. తెనాలి నుంచి ఒక ఆడపిల్ల రైలెక్కి అంత దూరం పోయి వేషం వేయడమంటే ఆ ఇంటివారిని ఊరు ఎన్ని మాటలని ఉంటుందో మనం ఊహించుకోవచ్చు. పరువుగల ఇంటి ఆడవాళ్లకు అది తగని పని అని ఊరంతా అనేది. మన సంఘాలూ ఆ మాటే అన్నాయి. దాచిపెట్టడం ఎందుకు?

ఆ చిన్న పాత్రతోనే ఆమె నిర్మాతల కంట పడ్డారు. మరుసటి ఏడాది వీరాభిమన్యులో కథానాయిక అయ్యారు. 1937లో విప్రనారాయణలో దేవదేవి పాత్ర వేశారు. 1938లో ఆమెవి రెండు సినిమాలు వచ్చాయి. ఆ రెంటినీ పక్కపక్కన పెట్టి చూడాలి. హెచ్.ఎం. రెడ్డి గారే తీసిన గృహలక్ష్మిలో ఆమె మాధురి అనే నాట్యగత్తె. ఒక డాక్టరు ఆమె మోజులో పడి ఇల్లాలిని వదిలేస్తాడు, సంసారం నాశనమవుతుంది. ఆ ఇల్లాలుగా వేసినవారు కన్నాంబ గారు. అదే ఏడాది వచ్చిన మాలపిల్లలో కాంచనమాల శంపాలత అనే మాలవాడ పిల్ల. ఒక దాంట్లో జనం తిట్టుకున్న ఆడది, ఒక దాంట్లో జనం కంటతడి పెట్టిన ఆడది. రెండు వేషాలూ నమ్మించగలిగింది ఇరవై ఒక్క ఏళ్ల పిల్ల.

మాలపిల్ల గురించి కొంచెం నిదానంగా చెప్పాలి. తీసినవారు గూడవల్లి రామబ్రహ్మం గారు. డబ్బు పెట్టింది చల్లపల్లి జమీందారు. కథ చలం గారిది, మాటలు తాపీ ధర్మారావు గారివి. కళ్యాణపురం అనే ఊరు. గుడి పెద్ద సుందరరామశాస్త్రి హరిజనులను గుడిలోకి రానివ్వడు, చెరువు నీళ్లు తాకనివ్వడు. ఆయన కొడుకు నాగరాజు శంపాలతను ప్రేమిస్తాడు. ఊళ్లో బతకలేక ఇద్దరూ కలకత్తా వెళ్లిపోతారు. ఇక్కడ ఊళ్లో మాలలు పొలం పనులు మానేస్తారు. చివరికి శాస్త్రి భార్య మంటల్లో చిక్కుకుంటే వాడ మనిషే రక్షిస్తాడు. శాస్త్రి మనసు మారుతుంది, గుడి తలుపులు తెరుచుకుంటాయి.

ఈ కథ గాలిలోంచి ఊడిపడలేదు. గాంధీ గారు 1933 చివర్లో హరిజన యాత్ర చేస్తూ ఆంధ్రకు వచ్చారు. 1936 నవంబరులో తిరువాంకూరు సంస్థానం గుడులు తెరిచింది. మద్రాసు రాష్ట్రంలో ఆలయ ప్రవేశ చట్టం వచ్చింది 1939లో, అంటే ఈ సినిమా వచ్చిన మరుసటి ఏడాది. గుర్రం జాషువ గారి గబ్బిలం 1941లో అచ్చయింది. మన మొగుళ్లపల్లి వైపు అప్పుడు నిజాం రాజ్యం. వెట్టికి పిలిస్తే పోవాల్సిందే, పని మానేస్తామనే మాట నోట రావడానికే భయం. అలాంటి కాలంలో పాలేర్లు కాడి కింద పెట్టి కూర్చోవడం తెర మీద చూపించారు. ఈ సినిమా చూసి ఇంటికెళ్లి తలస్నానం చేసిన ఛాందసులు ఉన్నారని పెద్దలు చెప్పుకునేవారు.

అయితే ఒక అభ్యంతరం కూడా చెప్పాలి. ఊరి పెద్ద ఇంటి ఆడమనిషి ప్రాణం కాపాడిన తర్వాతే వాడకు గుడిలో చోటు దొరికింది. పట్నం వెళ్లి మంచి బట్ట కట్టి చదువు నేర్చాకే ఆ పిల్ల కోడలుగా పనికివచ్చింది. మనిషి మనిషైనందుకు కాక, ఉపకారం చేసినందుకు తలుపు తీయడం ఏమి న్యాయం? 1878లో ఒంగోలు దగ్గర ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందారు. వారిలో అత్యధికులు మాదిగ పేటల నుంచి వచ్చినవారు. ఏదైనా ఘనకార్యం చేశాక రమ్మని వారితో ఎవరూ అనలేదు. అదే సంఘాల్లో తర్వాత కూర్చునే బల్లలు, పాతిపెట్టే స్థలాలు కులాన్ని బట్టి వేరైన ఊళ్లు ఉన్నాయన్నది కూడా నిజమే. కనుక ఆ సినిమాను మరీ గట్టిగా విమర్శించే అర్హత మాకు ఎంత ఉందో మాకే తెలియదు.

ఇంకో సంగతి. ఈ సినిమాకు కొన్నేళ్ల ముందు, 1930 ప్రాంతంలో, తిరువనంతపురంలో మలయాళం వారి మొదటి సినిమా విగతకుమారన్ ఆడింది. తీసినవాడు జె.సి. డేనియల్ అనే క్రైస్తవుడు. అందులో నాయికగా వేసిన పి.కె. రోజీ దళిత స్త్రీ. ఆమె వేసింది నాయర్ల ఇంటి స్త్రీ పాత్ర. దాన్ని పై కులాలవారు సహించలేకపోయారు. తెర మీద రాళ్లు రువ్వారు, ఆమె ఇల్లు తగలబెట్టారని, ఆమె తమిళ దేశానికి పారిపోయిందని చెబుతారు. మళ్లీ ఏ సినిమాలోనూ ఆమె కనిపించలేదు. మాలపిల్లగా కాంచనమాలను ఇంటి గోడకు తగిలించుకున్న దేశమే, నిజంగా వాడలో పుట్టిన పిల్లను తెర మీద ఒక్కసారి కూడా భరించలేకపోయింది. ఇందులో కాంచనమాల తప్పేమీ లేదు. కానీ ఆమె కథ చెప్పేటప్పుడు రోజీని తలచుకోకపోతే మా మనసు ఒప్పుకోలేదు.

1939 ఆమెకు నిండైన ఏడాది. బి.ఎన్. రెడ్డి గారి మొదటి సినిమా వందేమాతరంలో నాగయ్య గారి పక్కన జానకిగా నటించారు. ఉద్యోగం లేని భర్త పట్నం వెళితే అత్త ఇంట్లోంచి వెళ్లగొట్టే కోడలి కథ. వై.వి. రావు గారి మళ్ళీపెళ్ళిలో బాలవితంతువుగా వేశారు. 1940లో రామబ్రహ్మం గారి ఇల్లాలు. వరసగా చూస్తే తెలుస్తుంది: ఊరు వెలివేసిన పిల్ల, అత్త వెళ్లగొట్టిన కోడలు, బొట్టు చెరిపిన విధవ. ఆ కాలపు ఆడవాళ్ల కష్టాలన్నీ ఆమె ముఖం మీదుగానే జనానికి చేరాయి.

1942లో జెమినీ వాసన్ గారి సంస్థ బాలనాగమ్మ తీసింది, దర్శకుడు సి. పుల్లయ్య గారు. ఆ ఏప్రిల్లో జపాను విమానాలు విశాఖ, కాకినాడల మీద బాంబులు వేశాయి. మద్రాసు సగం ఖాళీ అయింది. అలాంటి ఏడాదిలో తయారైన సినిమాకు జనం తండోపతండాలుగా వచ్చారు. బాలనాగమ్మ కథ మన పల్లెల్లో పెద్దవారికి చెప్పనక్కర్లేదు. మాయల ఫకీరు ఆమెను ఎత్తుకుపోయి బంధిస్తాడు, కన్నకొడుకు పెరిగి పెద్దవాడై వచ్చి విడిపిస్తాడు. ఫకీరుగా గోవిందరాజుల సుబ్బారావు గారు, బాలనాగమ్మగా కాంచనమాల.

ఆమె వెలుగు అక్కడితో ఆగింది. వయసు ఇరవై అయిదు.

ఏం జరిగిందన్నది పలువురు పలురకాలుగా చెబుతారు. ఆ సంస్థకూ ఆమెకూ విభేదాలు వచ్చాయని, రాసిచ్చిన ఒప్పందం వల్ల బయట ఎక్కడా నటించే వీలు లేకపోయిందని ఆమె గురించి రాసినవారు సాధారణంగా చెప్పే మాట. ఎవరి తప్పు ఎంత అని తీర్పు చెప్పే పని మాది కాదు. ఒప్పందం అంటే ఏమిటో మాత్రం చెప్పగలం. స్టూడియో ఆ రోజుల్లో నటులను నెల జీతం మీద పెట్టుకునేది. పని ఇచ్చినా ఇవ్వకపోయినా ఇంకొకరి దగ్గర పనిచేయకూడదు. జీతగాళ్లను పెట్టుకున్న ఊళ్లో పుట్టినవారికి దీన్ని విడమరచి చెప్పాల్సిన పనిలేదు. సరిగ్గా ఆ కాలంలోనే అమెరికాలో ఒలీవియా డి హావిలాండ్ అనే నటి తన స్టూడియో మీద ఇలాంటి ఒప్పందం గురించే కోర్టుకెళ్లింది. 1944లో పై కోర్టులో గెలిచింది. ఏడేళ్లకు మించి మనిషిని కట్టిపడేయకూడదని అక్కడి చట్టం ఆమె పక్షాన నిలిచింది. ఆమె మళ్లీ నటించి ఆస్కార్ బహుమానాలు కూడా అందుకుంది. మద్రాసులో కాంచనమాలకు అలాంటి చట్టమూ లేదు, అలాంటి వకీలూ లేడు.

తర్వాత భర్త చనిపోయారు. ఆమె మనసు చెదిరింది. మాట తగ్గిపోయింది, మనుషుల మధ్యకు రావడం మానేశారు. ఆ సంవత్సరాల గురించి చిలవలు పలవలుగా అల్లిన కథలు చాలా ఉన్నాయి. వాటిని ఇక్కడ తిరిగి చెప్పదలచుకోలేదు.

ఈ చోట మా సంగతి ఒకటి ఒప్పుకోవాలి. సుమారు ఇరవై ఏళ్ల కిందట ఒక తల్లి తన కూతురిని మా దగ్గరకు తీసుకొచ్చింది. పిల్ల మాట్లాడటం మానేసింది, అన్నం ముట్టడం లేదు. ఉపవాసముండి ప్రార్థించాం. అది మంచిదే. కానీ డాక్టరు దగ్గరకు తీసుకెళ్లమని చెప్పడానికి మాకు ఎనిమిది నెలలు పట్టింది. సెమినరీలో చదివినవాళ్లం, మాకే ఆ మాట చెప్పడానికి నామోషీ అనిపించింది. ఆ పిల్ల ఇప్పుడు మందులు వాడుతూ బాగానే ఉంది, ఇద్దరు బిడ్డల తల్లి. ఆ ఎనిమిది నెలలను మాత్రం ఆమెకు మేము తిరిగి ఇవ్వలేం. ఇప్పుడైతే టెలీ మానస్ అని ప్రభుత్వం ఉచితంగా నడుపుతున్న ఫోను ఉంది, నెంబరు 14416. తెలుగులోనే మాట్లాడవచ్చు. కాంచనమాల కాలంలో ఇలాంటివేమీ లేవు. పిచ్చిది అనే ఒక్క మాట ఉండేది.

అలా ఇరవై ఏళ్లు గడిచాయి. తెలుగు సినిమా ఆమెను మరిచిపోయింది. కొత్త నాయికలు వచ్చారు, వారి క్యాలెండర్లు వచ్చాయి. ఆమెను మరవనివారిలో ఒకరు లక్ష్మీరాజ్యం గారు. ఇల్లాలులో ఇద్దరూ కలిసి నటించారు. తర్వాత లక్ష్మీరాజ్యం గారు నిర్మాత అయ్యి, 1963లో నర్తనశాల తీశారు. దర్శకుడు కమలాకర కామేశ్వరరావు గారు. ఎన్.టి. రామారావు, సావిత్రి, ఎస్.వి. రంగారావు గార్లు నటించిన పెద్ద సినిమా. జకార్తాలో జరిగిన ఆఫ్రో ఆసియా చిత్రోత్సవంలో రంగారావు గారికి బహుమతి తెచ్చింది. అంత పెద్ద సినిమాలో ఒక చిన్న వేషం కోసం లక్ష్మీరాజ్యం గారు తన పాత స్నేహితురాలిని వెతుక్కుంటూ వెళ్లారు. బతిమాలి తీసుకొచ్చారు. ఆ సినిమాకు కాంచనమాల అవసరం ఏమీ లేదు. ఆ వేషం ఎవరైనా వేయవచ్చు. జనంలో చాలామంది ఆమెను గుర్తుపట్టి ఉండరు. ఆ తర్వాత ఆమె మళ్లీ తెర మీద కనిపించలేదు. 1981 జనవరి 24న కన్నుమూశారు. అప్పటికి ఆమెకు అరవై మూడేళ్లు.

పోయిన ఆదివారం ఆరాధన తర్వాత ఆ నాయనమ్మ దగ్గర కూర్చుని ఆ బొమ్మలో పిల్ల పేరు చెప్పాం. తర్వాత ఏమైందని అడిగింది. ఇదంతా చెప్పాం. కోర్టు సంగతి, స్టూడియో సంగతి ఆమెకు పెద్దగా పట్టలేదు. స్నేహితురాలు వెతుక్కుంటూ పోయిన దగ్గర మాత్రం ఆపి, అది మళ్లీ చెప్పమంది.