పాత రీళ్లకు ప్రాణదాత – హెన్రీ లాంగ్ల్వా

మాటల సినిమాలు వచ్చాక మూకీ చిత్రాల రీళ్లను వాటిలోని వెండి కోసం తుక్కు కింద అమ్మేసేవారు. ఆ రీళ్లను కాపాడినవారిలో ముఖ్యులు హెన్రీ లాంగ్ల్వా.

1914లో స్మిర్నా నగరంలో ఫ్రెంచి కుటుంబంలో జన్మించారు. 1936లో మిత్రులతో కలిసి పారిస్‌లో సినిమాథెక్ ఫ్రాన్సేజ్ స్థాపించారు. తొలిరోజుల్లో స్నానాల తొట్టెలోనూ రీళ్లు దాచారు. జర్మన్ల ఆక్రమణ కాలంలో ఎన్నో చిత్రాలను వారి కంట పడనీయలేదు.

నిర్వహణ సక్రమంగా లేదని ప్రభుత్వం 1968 ఫిబ్రవరిలో ఆయన్ను తొలగించింది. దర్శకులు, ప్రేక్షకులు వీధికెక్కగా ఏప్రిల్‌లో తిరిగి నియమించింది. 1974లో గౌరవ ఆస్కార్ అందుకుని, 1977లో కన్నుమూశారు.

రిజిస్టర్లతోనే సర్వీసు గడిపిన మనకు ఆ ఆక్షేపణ చిన్నది కాదు. అయినా జాబితా తర్వాతైనా రాసుకోవచ్చు. పోయిన రీలు తిరిగి రాదు.