అలీ నవాజ్ జంగ్: చొప్పదండి కాలువ నీళ్ల వెనుక ఇంజినీర్

చొప్పదండి: ఇక్కడి పొలాలకు ఎస్సారెస్పీ కాకతీయ కాలువ నీళ్లు వస్తున్నాయంటే, దాని వెనుక ఓ ఇంజినీర్ ముందుచూపు ఉంది. ఆయనే నవాబ్ అలీ నవాజ్ జంగ్ బహదూర్. 1877 జులై 11న పుట్టారు. ఇంగ్లండ్‌లోని కూపర్స్ హిల్ కాలేజీలో ఇంజినీరింగ్ చదివారు. నిజాం సర్కారులో చీఫ్ ఇంజినీర్‌గా మంజీర నదిపై నిజాంసాగర్ కట్టించారు. గోదావరి నీళ్లను బీడు భూములకు మళ్లించాలని అప్పుడే తలపెట్టారు. 1938లో నెహ్రూ అధ్యక్షతన ఏర్పడిన జాతీయ ప్రణాళికా కమిటీలో సాగునీటి ఉపసంఘం బాధ్యత ఆయనకే అప్పగించారు. పనులు మొదలయ్యాక పిలవడం కాదు.. ప్లాన్ వేసేటప్పుడే ఇంజినీర్‌ను కూర్చోబెట్టారన్నమాట. 1949లో ఆయన కన్నుమూశారు. గోదావరి కల కళ్లారా చూడలేకపోయారు. 14 ఏళ్లకు, 1963లో పోచంపాడు ప్రాజెక్టుకు నెహ్రూనే శంకుస్థాపన చేశారు. ఆయన జయంతినే తెలంగాణ ఇంజినీర్స్ డేగా జరుపుతున్నారు.