ఒట్టో లోవీ: నాడుల నడుమ దూతను పట్టిన శాస్త్రజ్ఞుడు

ప్రత్యేక సంచికకు ఒక మహనీయుని జీవితం గురించి రాయమని మన సంఘం కార్యదర్శి గారు కోరినప్పుడు నాకు ముందుగా గుర్తుకొచ్చిన పేరు ఒట్టో లోవీ. వైద్యశాస్త్రం చదివినవారందరికీ ఆయన తెలుసు. మన పత్రికల్లో మాత్రం ఆయన పేరు అరుదుగా కనిపిస్తుంది. తంతి శాఖలో జీవితం గడిపిన నాబోటి వారికి ఆయన కనిపెట్టిన విషయం సులభంగా అర్థమవుతుంది. పైగా అరవై ఐదేళ్ల వయసులో సర్వస్వం పోగొట్టుకుని ఆయన మళ్లీ బతికిన తీరు పింఛనుదారులమైన మనం తెలుసుకోదగినది.

లోవీ 1873 జూన్ 3న జర్మనీలోని ఫ్రాంక్‌ఫర్ట్ నగరంలో ఒక యూదు కుటుంబంలో జన్మించారు. తండ్రి వైన్ వర్తకుడు. బడిలో ఆయనకు భాషలు బాగా వచ్చేవి కాని లెక్కలు, భౌతికశాస్త్రం అంతగా అబ్బలేదు. కళల చరిత్ర చదవాలని ఆయన కోరిక. ఇంట్లోవారి మాట కాదనలేక 1891లో స్ట్రాస్‌బర్గ్ విశ్వవిద్యాలయంలో వైద్యంలో చేరారు. చేరిన తరువాత కూడా వైద్యం పాఠాలు ఎగ్గొట్టి తత్వశాస్త్రం, కళల ఉపన్యాసాలకు వెళ్లి కూర్చునేవారు. మొదటి పరీక్ష గట్టెక్కడమే కష్టమైంది. ఎలాగైతేనేం, 1896లో డాక్టరు పట్టా పుచ్చుకున్నారు.

తరువాత ఫ్రాంక్‌ఫర్ట్ ఆసుపత్రిలో కొంతకాలం పనిచేశారు. క్షయ, న్యుమోనియా రోగులు మంచాల నిండా ఉండేవారు. ఆ రోజుల్లో ఆ జబ్బులకు మందు లేదు. రోజూ కళ్లముందే మనుషులు పోతుంటే చేయగలిగింది ఏమీ లేక, రోగులను చూసే వృత్తి తన వల్ల కాదనుకుని, మందులు శరీరంపై ఎలా పనిచేస్తాయో పరిశోధించే ఫార్మకాలజీ వైపు మళ్లారు. 1898లో మార్బర్గ్‌లో హాన్స్ మేయర్ అనే ఆచార్యుని వద్ద సహాయకుడిగా చేరారు. 1902లో లండన్ వెళ్లి కొన్ని నెలలు స్టార్లింగ్ ప్రయోగశాలలో గడిపినప్పుడు హెన్రీ డేల్ అనే యువ శాస్త్రజ్ఞుడితో స్నేహం కుదిరింది. ఆ స్నేహం జీవితాంతం నిలిచింది. 1908లో రసాయనశాస్త్ర ఆచార్యుని కుమార్తె గీడాను వివాహమాడారు. మరుసటి సంవత్సరం ఆస్ట్రియాలోని గ్రాజ్ విశ్వవిద్యాలయంలో ఆచార్య పదవి లభించింది. నలుగురు పిల్లలతో సుమారు ముప్పై ఏళ్లు ఆయన ఆ ఊళ్లోనే ఉన్నారు.

ఇక అసలు సమస్యకు వద్దాం. మెదడు, నాడులు ఒకదానితో ఒకటి అతుక్కుపోయిన వల కాదనీ, వేటికవే విడిగా ఉన్న కణాలనీ స్పెయిన్ దేశపు శాస్త్రజ్ఞుడు రామోన్ ఇ కహాల్ 19వ శతాబ్దం చివర్లోనే వాదించారు. ఒక నాడీకణం కొస మరొకదానిని కలిసే చోటికి 1897లో ఇంగ్లండులో షెరింగ్టన్ సినాప్స్ అని పేరు పెట్టారు. నాడి వెంట విద్యుత్ సంకేతం పరిగెడుతుందని అప్పటికే తెలుసు. కణానికీ కణానికీ మధ్య ఎడం ఉన్నప్పుడు ఆ సంకేతం ఇవతలి నుంచి అవతలికి ఎలా చేరుతుందన్నది ప్రశ్న. నిప్పురవ్వ దూకినట్లు విద్యుత్తే దూకుతుందని ఎక్కువమంది నమ్మకం.

మోర్స్ కీ పట్టినవారికి ఈ ప్రశ్న కొత్తదేమీ కాదు. చిన్న ఊరి నుంచి బయలుదేరిన టెలిగ్రాం తీగ వెంట మధ్య కార్యాలయం దాకా కట్ట, కడ చప్పుళ్లుగా వచ్చేది. అక్కడ మనిషి చెవితో విని, కాగితం మీద రాసేవాడు. ఆ కాగితం మరో బల్ల మీదికి వెళ్లేది. అక్కడున్నవాడు దాన్ని చూసి మళ్లీ కీ నొక్కితేనే వార్త రెండో తీగ ఎక్కేది. అంటే తీగ మీద విద్యుత్తు, రెండు తీగల నడుమ కాగితం. 2013 జులైలో టెలిగ్రాం సేవ ముగిసిపోయింది కాని, మన ఒంట్లో ఈ పద్ధతి ఇంకా నడుస్తూనే ఉంది. అక్కడ కాగితం స్థానంలో ఉన్నది ఒక రసాయనం. ఈ సంగతిని ప్రయోగంతో రుజువు చేసినవారే లోవీ.

నాడి కొస నుంచి ఏదో రసాయనం వెలువడి సంకేతాన్ని అందిస్తుండవచ్చునన్న ఊహ ఆయనకు 1903లోనే, ఇంగ్లండు నుంచి వచ్చిన ఫ్లెచర్ అనే మిత్రునితో మాట్లాడుతుండగా తట్టింది. మరుసటి సంవత్సరం ఇంగ్లండులోనే ఇలియట్ అనే యువకుడు ఇటువంటి ఊహనే ప్రకటించాడు. దాన్ని ఎలా నిరూపించాలో మాత్రం లోవీకి తోచలేదు. ఆలోచన అలాగే పదిహేడేళ్లు పక్కన పడివుంది.

ఆయనే రాసుకున్న ప్రకారం, 1920లో ఈస్టరు పండుగ ముందటి రాత్రి నిద్రలో ఒక ఉపాయం తట్టింది. లేచి దీపం వేసి చిన్న కాగితం ముక్క మీద ఏదో గీకి మళ్లీ పడుకున్నారు. తెల్లవారి చూసుకుంటే తన రాత తనకే అర్థం కాలేదు. ఆ ఆదివారమంతా అదేమిటో గుర్తుకు రాక నరకయాతన పడ్డారు. మరుసటి రాత్రి మూడు గంటలకు అదే ఉపాయం మళ్లీ వచ్చింది. ఈసారి కాగితాన్ని నమ్ముకోకుండా తిన్నగా ప్రయోగశాలకు వెళ్లారు.

ప్రయోగం చాలా సులువైనది. రెండు కప్పల గుండెలు తీశారు. ఒకదానికి వేగస్ నాడిని ఉంచారు, రెండోదానికి నాడులు లేవు. శరీరం బయట కూడా గుండె కొట్టుకుంటూ ఉండేందుకు రెండింటిలోనూ రింగర్ ద్రావణమనే ఉప్పు ద్రవం నింపారు. వేగస్ నాడిని విద్యుత్తుతో ప్రేరేపిస్తే గుండె వేగం తగ్గుతుందన్నది పాత సంగతే. లోవీ మొదటి గుండెను అలా నెమ్మదింపజేసి, దానిలోని ద్రవాన్ని తీసి రెండో గుండెలో పోశారు. ఏ నాడీ లేని ఆ రెండో గుండె కూడా నెమ్మదించింది. వేగం పెంచే నాడిని ప్రేరేపించి అలాగే చేస్తే రెండో గుండె వేగం పెరిగింది. నాడి చెప్పిన మాట ద్రవంలో కలిసి వచ్చిందన్నమాట. విద్యుత్తును అలా పిపెట్టుతో తీసి పోయలేము కదా!

ఇలా ద్రవాన్ని తీసి పరీక్షించే పద్ధతిని మరో పనికోసం ఆయన రెండేళ్ల ముందే వాడి ఉన్నారు. పాత ఊహ, ఈ పద్ధతి రెండూ బుర్రలో వేర్వేరు మూలల్లో ఉండి నిద్రలో కలిశాయని ఆయన అభిప్రాయం. పగటిపూట తీరికగా ఆలోచించి ఉంటే, వెలువడే రసాయనం ద్రవంలోకి పొంగిపొర్లేంత ఉండదులే అని ఆ ప్రయోగం తలపెట్టేవాడినే కాదని కూడా తరువాత ఒప్పుకున్నారు.

1921లో ఫలితాలు అచ్చయ్యాయి. చాలామంది నమ్మలేదు. కొందరు అదే ప్రయోగం చేస్తే ఫలితం రాలేదు. కప్ప వేగస్‌లో నెమ్మదింపజేసే తీగలూ, వేగం పెంచేవీ కలిసే ఉంటాయి. ఋతువును బట్టి ఏదో ఒకటి పైచేయి అవుతుంది. 1926లో స్టాక్‌హోమ్‌లో జరిగిన అంతర్జాతీయ శరీరధర్మశాస్త్ర మహాసభలో లోవీ అందరి ఎదుటా ప్రయోగం చేయవలసి వచ్చింది. ఒకే గుండె మీద 18 సార్లు చేసి చూపించారు. అదే సంవత్సరం సహచరుడు నవ్రాటిల్‌తో కలిసి, ఆ పదార్థం ఎసిటైల్ కోలిన్ లాంటిదనీ, శరీరంలోని ఒక ఎంజైము దాన్ని వెంటనే విరగ్గొడుతుందనీ, ఆ ఎంజైమును అడ్డగించే మందులున్నాయనీ చూపారు. లండన్‌లో డేల్, ఆయన సహచరులు ఇదే ఎసిటైల్ కోలిన్ కండరాలను కదిలించే నాడుల కొసల్లో కూడా పనిచేస్తుందని నిరూపించారు. పాత మిత్రులిద్దరికీ కలిపి 1936లో నోబెల్ బహుమతి వచ్చింది.

రెండేళ్లు తిరగకుండానే 1938 మార్చిలో హిట్లర్ సేనలు ఆస్ట్రియాను ఆక్రమించాయి. ఆ రాత్రి మూడు గంటలకు ఆయుధాలతో కొందరు యువకులు పడకగదిలోకి చొరబడి లోవీని పట్టుకుపోయి జైల్లో పెట్టారు. చిన్న కొడుకులిద్దరినీ కూడా బంధించారు. తనను చంపేస్తారని ఆయన అనుకున్నారు. అప్పుడు ఆయన కోరింది ఒక పోస్టుకార్డు, కలం. అప్పటికి అచ్చు కాని తన చివరి ప్రయోగ ఫలితాలను దాని మీద రాసి పత్రికకు పంపమని జైలు కాపలావాడికి ఇచ్చారు. అది పోస్టులో పడ్డాకే మనసు కుదుటపడిందట. రెండు నెలలకు విడుదలయ్యారు. అయితే స్టాక్‌హోమ్ బ్యాంకులో ఉన్న నోబెల్ సొమ్మంతా నాజీల అధీనంలోని బ్యాంకుకు మార్చాకే దేశం దాటనిచ్చారు. అదే సంవత్సరం సెప్టెంబరు 28న బయలుదేరారు. ఇటలీలోని ఆస్తి కూడా చేజిక్కించుకోవాలని భార్యను మాత్రం ఆపేశారు. ఆమె 1941లో గాని ఆయనను చేరుకోలేకపోయారు.

లండన్, బ్రస్సెల్స్, ఆక్స్‌ఫర్డ్ తిరిగి 1940లో న్యూయార్క్ విశ్వవిద్యాలయం పిలుపుపై అమెరికా వెళ్లారు. వయసు 67. ఓడ దిగాక అధికారి చేతిలోని తన వైద్య పత్రం ఆయన కంటపడింది. ముసలితనం వల్ల జీవనోపాధి సంపాదించుకోలేడని అందులో ఉంది. అధికారి మంచివాడు కాబట్టి దాన్ని పట్టించుకోలేదు. అలా చేదస్తపు లెక్కలో పడిన మనిషి అక్కడ మళ్లీ పరిశోధన చేశారు, పాఠాలు చెప్పారు, 1946లో అమెరికా పౌరుడయ్యారు. వేసవుల్లో వుడ్స్ హోల్ అనే సముద్రతీర పరిశోధన కేంద్రంలో యువ శాస్త్రజ్ఞుల నడుమ గడిపేవారు.

ఆయన బతికుండగానే మిగతా కథ చాలా వరకు తేలింది. మెదడులో మాత్రం విద్యుత్తే దూకుతుందని గట్టిగా వాదించిన జాన్ ఎకిల్స్ 1951లో తన ప్రయోగమే తన వాదాన్ని కొట్టివేయగా దాన్ని వదులుకున్నారు. బెర్నార్డ్ కాట్జ్ బృందం రసాయనం చిన్న చిన్న పొట్లాలుగా వెలువడుతుందని చూపింది. 1950లలో ఎలక్ట్రాన్ సూక్ష్మదర్శిని ఆ ఎడాన్ని కంటికి చూపింది. అది మిల్లీమీటరులో దాదాపు యాభై వేల వంతు. విద్యుత్ సంకేతం నాడి కొసకు చేరగానే కాల్షియం లోపలికి వస్తుంది, రసాయనం నిండిన సూక్ష్మమైన సంచులు బయటికి తెరుచుకుంటాయి, ఆ రసాయనం ఎడం దాటి అవతలి కణంపై తనకోసమే ఉన్న గ్రాహకాలను అంటుకుంటుంది, అక్కడ మళ్లీ కొత్త సంకేతం పుడుతుంది లేదా పుట్టకుండా ఆగుతుంది. కొన్నిచోట్ల కణాలు నేరుగా కలిసి విద్యుత్తే పారుతుందని కూడా 1959లో తెలిసింది. కనుక నిప్పురవ్వ పక్షం వారిదీ పూర్తిగా తప్పు కాదు. సుమారు 8,600 కోట్ల నాడీకణాలున్న మన మెదడులో ఎక్కువ భాగం మాత్రం రసాయనాల ద్వారానే మాట్లాడుకుంటుంది.

ఈ జ్ఞానం పుస్తకాల్లోనే ఉండిపోలేదు. పార్కిన్సన్ జబ్బులో తగ్గిపోయేది డోపమిన్ అనే ఇలాంటి దూతే. మతిమరుపు జబ్బు అల్జీమర్స్‌కు ఇచ్చే డోనెపెజిల్, కండరాలు నీరసించే మయస్తీనియాకు ఇచ్చే పైరిడోస్టిగ్మిన్ రెండూ లోవీ చెప్పిన ఆ ఎంజైమును అడ్డగించేవే. మన పల్లెల్లో ఎందరినో బలిగొన్న ఆర్గానోఫాస్ఫేట్ పురుగుమందులు కూడా అదే ఎంజైమును కట్టివేస్తాయి. ఎసిటైల్ కోలిన్ పేరుకుపోయి నోట చొంగ, చెమట, ఊపిరాడకపోవడం మొదలవుతాయి. అందుకే వైద్యులు విరుగుడుగా అట్రోపిన్ ఎక్కిస్తారు. నాగుపాము, కట్లపాము కరిస్తే రెప్పలు వాలిపోయేది నాడికీ కండరానికీ మధ్య ఈ వార్త ఆగిపోవడం వల్లనే.

లోవీ 1961 డిసెంబరు 25న న్యూయార్క్‌లో 88వ ఏట కన్నుమూశారు. అంతకు ముందు సంవత్సరం తన జీవితాన్ని క్లుప్తంగా రాసి ప్రచురించారు. ఆ కల గురించి, ఆ పోస్టుకార్డు గురించి, ఓడరేవులోని ఆ వైద్య పత్రం గురించి మనకు తెలిసింది అలాగే. ఇల్లు, పదవి, బహుమతి సొమ్ము అన్నీ లాక్కున్నవారికి ఆయన పని మాత్రం చిక్కలేదు. మన సభ్యుల్లోనూ ఎందరి దగ్గరో చెప్పవలసిన అనుభవాలు మిగిలే ఉన్నాయి. లోవీ తన జీవితకథ అచ్చు వేయించింది 87వ ఏట అని వారికి గుర్తుచేస్తూ సెలవు తీసుకుంటున్నాను.